చీటీ వేయుటకు ముందు కొమ్మలు గీయుడు

(కొడవలూరులో గ్రామ పంచాయతీ సభ్యుల సమావేశమున ప్రచారాధికారి చేసిన ప్రసంగ పాఠము)



పెన్నకు ఉత్తరమున, కాలువల క్రింద వరి పండించు ఈ ఊళ్లలో భూమి ఎంత విలువైనదో వంతు అంత విలువైనది. నీటికి వంతు కలదు. చెరువులో చేపలు పట్టుటకు వంతు కలదు. సంతలో అంగడి పెట్టు చోటునకు వంతు కలదు. మాటలతో వంతు తెగనప్పుడు చీటీలు వేయుదురు. తగవు తీరుటకై వేసిన చీటీ వలననే ఒక్కొక్కమారు అంతకంటె పెద్ద తగవు పుట్టును. "మొదట తీసినవానికే మంచి చీటీ దక్కినది, చివరివానికి మిగిలినది చేతికి వచ్చినది" అని ఒకరందురు. "చివర తీసినచో నేమి, వ్రాసిపెట్టియున్నది వచ్చును" అని మరియొకరందురు. ఇద్దరును బిగ్గరగానే చెప్పుదురు. ఎవరి మాట నిజమో తేల్చువారుండరు.

దానిని తేల్చవలసినవారు మీరే. పంచాయతీ సభ్యుని మాటకు ఊరిలో విలువ యుండవలెనన్నచో, అతడు పలుకు న్యాయము అందరి కంటికి కనబడునట్లుండవలెను. అట్లు కనబడునట్లు చేయు చిన్న లెక్క యొకటి కలదు. దానికి గొప్ప చదువు అక్కరలేదు. ఒక సుద్దముక్కయు, ఒక నల్లబల్లయు చాలును. అవియు లేనిచో ఇసుక నేలయు, పుల్లయు చాలును. బడిలో పిల్లలు దీనిని వృక్షచిత్రమని నేర్చుకొందురు. మన మాటలో కొమ్మల లెక్క అందము.

కొమ్మల లెక్క అనగా నేమి?

ఒక పని జరుగగల తీరులన్నిటిని, ఒక్కటియు విడువకుండ, ఒక్కటియు రెండుమారులు లెక్కపెట్టకుండ, కొమ్మలుగా గీయుటయే ఈ లెక్క. మీ కయ్యలలోని పనినే ఉదాహరణముగా తీసికొందము.

ఒక రైతు ఏ రకము వేయవలెనని ఆలోచించుచున్నాడు. నెల్లూరు మసూరి, సాంబ మసూరి, మూడవది ఏదేనొక స్వల్పకాలిక రకము: ఇవి మూడు దారులు. నేలపై ఒక చుక్క పెట్టి, దానినుండి మూడు కొమ్మలు గీయుడు. ఏ రకమైనను నారు పోసి నాటవచ్చును, లేదా విత్తనము వెదజల్లవచ్చును. కావున ఒక్కొక్క కొమ్మ చివర రెండేసి రెమ్మలు గీయుడు. అదునుకు ముందుగా వేయవచ్చును, ఆలస్యముగా వేయవచ్చును. కావున ఒక్కొక్క రెమ్మ చివర మరల రెండేసి గీయుడు. ఇప్పుడు కొనలు లెక్కించుడు. పండ్రెండు వచ్చును. మూడును రెండును రెండును హెచ్చించినచో పండ్రెండే. హెచ్చవేత యెందులకో ఆ బొమ్మయే చెప్పుచున్నది.

హెచ్చవేత చెప్పలేని దానిని కూడ ఆ బొమ్మ చెప్పును. సాంబ మసూరి దీర్ఘకాలిక రకము. దానిని ఆలస్యముగా వేసినచో పంట చివర నీటి కొరతకు గురికావచ్చునని రైతు తలచినాడనుకొందము. అప్పుడు ఆ రకము క్రింద 'ఆలస్యము' అను రెండు కొనలను కొట్టివేయవలెను. మిగిలినవి పది. అన్ని కొమ్మలు ఒకే తీరున పెరుగనిచోట ఊరక హెచ్చవేసినవాడు తప్పు లెక్క చెప్పును, గీసి చూచినవాడు సరియైన లెక్క చెప్పును.

ఇందు గమనింపవలసినవి మూడు. ఒకటి, మొదట జరుగునది మొదట, తరువాత జరుగునది తరువాత గీయవలెను. రెండు, ఒక్కొక్క కొమ్మ చివరకు పోయి, అచ్చటినుండి జరుగగలదానినే గీయవలెను. మూడు, చివరకు కొనలనే లెక్కింపవలెను, నడుమనున్న కొమ్మలను లెక్కింపరాదు.

ఇది మనకు క్రొత్త కాదు

ఈ లెక్క పరదేశమునుండి వచ్చినదని ఎవరును తలంపవలదు. పద్యము నేర్చిన ప్రతి తెలుగువాడును దీనిని ఎరిగినవాడే. ఛందస్సులో అక్షరము లఘువైనను కావలెను, గురువైనను కావలెను. మొదటి అక్షరమునకు రెండు కొమ్మలు. రెండవ అక్షరమునకు ఒక్కొక్కదానికి రెండేసి, మొత్తము నాలుగు. మూడవదానికి ఎనిమిది. ఆ ఎనిమిది కొనలే య, ర, త, భ, జ, స, మ, న అను ఎనిమిది గణములు. తొమ్మిదవ గణమేల లేదని బాలుడడిగినచో, తొమ్మిదవ కొన లేదు గనుక అని చెప్పవచ్చును. ఈ విధముగా లఘు గురువుల కూర్పులనన్నిటిని వరుసగా వ్రాయుటకు పూర్వులు ప్రస్తారమని పేరు పెట్టిరి. పింగళుని ఛందశ్శాస్త్రమునాటినుండియు ఈ పద్ధతి మన దేశమున కలదు.

వేమన పద్యములు మీకందరకు వచ్చును. అవి ఆటవెలదులు. ఆటవెలది మొదటి పాదమున మూడు సూర్యగణములు, రెండు ఇంద్రగణములు వరుసగా వచ్చును. సూర్యగణములు రెండే, ఇంద్రగణములు ఆరు. కొమ్మలు గీయుచు పోయినచో రెండు, నాలుగు, ఎనిమిది, నలువదియెనిమిది, చివరకు 288 కొనలు వచ్చును. అనగా ఒక్క పాదమునకే 288 గణముల కూర్పులు కలవు. రెండవ పాదమున అన్నియు సూర్యగణములే, ఐదు. అచ్చట కొనలు 32. నెల్లూరిలో కూర్చుండి భారతమున పదునైదు పర్వములను తెనిగించిన తిక్కన సోమయాజికి దేశిపద్యములలో ఎంత చోటు దొరకినదో ఈ లెక్క వలన కొంత ఊహింపవచ్చును.

గణితమునకు వేరుగా గ్రంథములును కలవు. తొమ్మిదవ శతాబ్దమున రాష్ట్రకూట చక్రవర్తి అమోఘవర్షుని కాలమున మహావీరాచార్యుడు గణితసారసంగ్రహమును సంస్కృతమున రచించెను. కొన్ని వస్తువులలోనుండి కొన్నిటిని ఏరుటకు ఎన్ని తీరులు కలవో కనుగొను సూత్రము అందు కలదు. ఆ గ్రంథమును పావులూరి మల్లన తెలుగు పద్యములలోనికి తెచ్చెను. తెలుగున మనకు దొరకిన మొదటి గణితగ్రంథము అదియే.

1150లో భాస్కరాచార్యుడు రచించిన లీలావతిలో రెండు ముచ్చటైన లెక్కలు కలవు. ఒకటి ఆరు రుచులను గూర్చినది. ఉగాది పచ్చడిని తలచుకొనుడు. తీపి వేయవచ్చును, మానవచ్చును. పులుపు వేయవచ్చును, మానవచ్చును. ఉప్పు, కారము, చేదు, వగరు, అన్నిటికిని అట్లే. రెండేసి కొమ్మలుగా ఆరుమారులు పోయినచో 64 కొనలు. ఏ రుచియు వేయని కొన యొకటి కలదు, అది పచ్చడి కాదు. దానిని తీసివేసినచో 63 విధముల పచ్చళ్లు.

రెండవ లెక్క విష్ణుమూర్తి నాలుగు చేతులను గూర్చినది. శంఖము, చక్రము, గద, పద్మము నాలుగు చేతులలో ఎన్ని తీరుల అమరును? మొదటి చేతికి నాలుగు దారులు, రెండవదానికి మూడు, మూడవదానికి రెండు, నాల్గవదానికి మిగిలినదొక్కటి. మొత్తము 24. సంధ్యావందనమున చెప్పు కేశవాది నామములు ఎన్ని? ఇరువది నాలుగే. ఆ ఇరువది నాలుగు మూర్తులకును ఆయుధముల అమరికలో భేదము చెప్పుదురు. నాలుగు తూములకు నీటి వరుస నిర్ణయించు పంచాయతీకి కూడ సరిగా ఇరువది నాలుగు దారులే యుండును. దేవుని చేతుల లెక్కయు, కాలువ తూముల లెక్కయు ఒక్కటియే.

మొదట తీసినవానికి లాభమా?

ఇప్పుడు మన తగవునకు వత్తము. ఎడగారు పంటకు నీరు చాలనప్పుడు ఒక పిల్లకాలువ మీద మూడు తూములకు వంతులు పెట్టవలసివచ్చినదనుకొందము. వానిని పైతూము, నడితూము, చివరితూము అందము. ఎవరికి మొదటి వంతు, ఎవరికి రెండవది, ఎవరికి మూడవది అని చీటీలు వేసినారు. చీటీలపై ఒకటి, రెండు, మూడు అని వ్రాసినారు. పైతూమువారు మొదట తీయుదురు, నడితూమువారు పిదప, చివరితూమువారు చివర. చివరివారికి అన్యాయమా?

కొమ్మలు గీయుడు. పైతూమువారికి ఒకటి రావచ్చును, రెండు రావచ్చును, మూడు రావచ్చును. మూడు కొమ్మలు. వారు తీసిన పిదప రెండు చీటీలే మిగులును గనుక ఒక్కొక్క కొమ్మకు రెండేసి రెమ్మలు. చివరివారికి మిగిలినదొక్కటే. కొనలు ఆరు. పైతూము, నడితూము, చివరితూము అను వరుసలో ఆ ఆరింటిని చదువుచున్నాను, వినుడు:

ఒకటి, రెండు, మూడు.
ఒకటి, మూడు, రెండు.
రెండు, ఒకటి, మూడు.
రెండు, మూడు, ఒకటి.
మూడు, ఒకటి, రెండు.
మూడు, రెండు, ఒకటి.

మొదటి వంతు పైతూమునకు ఎన్ని కొనలలో వచ్చినది? రెండింట. నడితూమునకు? రెండింట. చివరితూమునకు? రెండింట. మూడవ వంతు సంగతియు అంతే. కావున మొదట తీయువానికిని, చివర తీయువానికిని ఆరింట రెండు పాళ్లే, అనగా మూడింట ఒక పాలే అవకాశము. చివరివానికి చీటీని ఎంచుకొను స్వేచ్ఛ లేదు, నిజమే. కాని ముందున్న ఇద్దరును మంచి చీటీని విడిచిపోవు అవకాశము సరిగా అతని వంతుకు సరిపోవుచున్నది. నలుగురైనను, పదిమందియైనను ఈ న్యాయము మారదు.

మరి తగవు ఎచ్చట పుట్టుచున్నది? తీసిన చీటీని తీసినట్లే విప్పి చదువుట వలన పుట్టుచున్నది. మొదటివాడు విప్పగా ఒకటి వచ్చినచో, మిగిలినవారు తమకిక ఆశలేదని తెలిసియే చేయి చాపవలసివచ్చును. అన్యాయము జరుగకున్నను జరిగినట్లు తోచును. దీనికి మందు సులభము. అందరును చీటీలు తీసి పిడికిట పట్టుకొనవలెను. అందరును తీసిన పిదప ఒక్కసారిగా విప్పవలెను. లెక్క మారదు, మనసు మాత్రము కుదుటపడును.

నాణెము చేయు మోసము

చీటీలలో లేని అన్యాయము నాణెములో దాగియుండవచ్చును. ఇద్దరి మధ్య తగవునకు నాణెము చక్కని సాధనము. బొమ్మ పడినచో ఒకరికి, బొరుసు పడినచో మరియొకరికి. ముగ్గురి మధ్య తగవు వచ్చినప్పుడు కొందరు ఇట్లు చెప్పుదురు: "ఒకమారు ఎగురవేయుదము. బొమ్మ పడినచో పైతూమునకు. బొరుసు పడినచో మరల ఎగురవేయుదము. అప్పుడు బొమ్మ పడినచో నడితూమునకు, బొరుసు పడినచో చివరితూమునకు." చెవికి ఇది న్యాయముగానే వినబడును. ముగ్గురు మనుష్యులు, మూడు ఫలితములు.

కొమ్మలు గీసినచో గుట్టు బయటపడును. మొదటిమారు రెండు కొమ్మలు, రెండును సమానము. ఒక కొమ్మ మొత్తము పైతూమునకే పోయినది. రెండవ కొమ్మను మిగిలిన ఇద్దరు పంచుకొన్నారు. పైతూమునకు సగము పాలు, తక్కిన ఇద్దరికిని నాల్గవ పాలు చొప్పున వచ్చినది. ఎవరును అబద్ధమాడలేదు, నాణెమును ఎవరును తిప్పలేదు. అయినను కాలువ పైభాగమువారికి, క్రిందివారిలో ఒక్కొక్కరికంటె రెండు రెట్లు అవకాశము కల్పింపబడినది.

ఇందులో పడినవారు మన ఊరివారు మాత్రమే కారు. ఫ్రాన్సు దేశమున డలాంబేరు అను గొప్ప గణితవేత్త యుండెను. 1754లో అచటి విజ్ఞానసర్వస్వమున ఆయన ఒక ప్రశ్నను విచారించెను. నాణెమును రెండుమారులు ఎగురవేసినచో ఒక్కమారైనను బొమ్మ పడు అవకాశమెంత? మొదటనే బొమ్మ పడవచ్చును. అప్పుడు రెండవమారు వేయ నక్కరలేదు. లేదా మొదట బొరుసు, పిదప బొమ్మ. లేదా రెండుమారులును బొరుసే. ఫలితములు మూడు, అనుకూలమైనవి రెండు, కావున మూడింట రెండు పాళ్లని ఆయన వాదించెను. కొమ్మలను పూర్తిగా గీసినచో కొనలు నాలుగు: బొమ్మ-బొమ్మ, బొమ్మ-బొరుసు, బొరుసు-బొమ్మ, బొరుసు-బొరుసు. మూడింట బొమ్మ కలదు. సరియైన సమాధానము నాలుగింట మూడు పాళ్లు. అంతటి పండితుడు పొరబడినచోట మనము జాగ్రత్తపడుటలో చిన్నతనము లేదు. ఫలితములను లెక్కించినంత మాత్రమున చాలదు. అవి సమానమైన ఫలితములా అని అడుగవలెను.

చీటీలు చేయుటకు వీలులేక నాణెముతోనే ముగ్గురికి న్యాయము చేయవలసివచ్చినచో దారి యిది. తప్పక రెండుమారులు ఎగురవేయుడు. బొమ్మ-బొమ్మ పడినచో పైతూమునకు. బొమ్మ-బొరుసు పడినచో నడితూమునకు. బొరుసు-బొమ్మ పడినచో చివరితూమునకు. బొరుసు-బొరుసు పడినచో అది లెక్కకు రాదు, మరల మొదటినుండి వేయవలెను. నాలుగు సమానమైన కొనలలో ముగ్గురికి ఒక్కొక్కటి వచ్చినది, నాల్గవది ఎవరికిని లేదు.

ప్రతి కారుకు చీటీ మంచిదా?

ఇక అన్నిటికంటె ముఖ్యమైన సంగతి. చీటీ న్యాయమైనదని తేలినది గదా, ప్రతి కారుకు చీటీయే వేయుదమని మీరనవచ్చును. తొందరపడక కొమ్మలు గీయుడు.

ఒక్కొక్క కారులో చివరి వంతు మూడు తూములలో ఏదేనొకదానికి రావలెను. మొదటి కారుకు మూడు కొమ్మలు. రెండవ కారుకు తొమ్మిది. మూడవ కారుకు 27 కొనలు. వీనిలో మూడు కారులును చివరి వంతు ఒకే తూమునకు వచ్చిన కొనలు ఎన్ని? పైతూమునకే మూడుమారులు, ఒకటి. నడితూమునకే, ఒకటి. చివరితూమునకే, ఒకటి. మొత్తము మూడు. అనగా 27లో మూడు, తొమ్మిదింట ఒకటి. తొమ్మిది కాలువల మీద ఈ పద్ధతి పెట్టినచో, సగటున ఒక కాలువ మీద ఏదో ఒక తూమువారు వరుసగా మూడు కారులు చివరి వంతునకే నోచుకొందురు. చీటీ మోసము చేయలేదు. అయినను మూడు పంటలు ఎండబెట్టుకొన్న రైతుకు "చీటీ న్యాయమైనదే" అను మాట కూడు పెట్టదు.

దీనికి మేలైన పద్ధతి కలదు. చీటీ మొదటి కారునకు మాత్రమే వేయుడు. తరువాత వరుస తిప్పుడు. మొదటి కారున ముందు వంతు వచ్చినవారు రెండవ కారున చివరకు పోవుదురు, తక్కినవారు ఒక్కొక్క మెట్టు ముందునకు వత్తురు. మూడవ కారున మరల అట్లే. మూడు కారులు ముగియునప్పటికి ప్రతి తూమునకును ఒకమారు మొదటి వంతు, ఒకమారు నడిమి వంతు, ఒకమారు చివరి వంతు వచ్చి తీరును. ఇందు అదృష్టమునకు మిగిలిన చోటు మొదటి కారు ఒక్కటియే. ఈ వరుసను ముందుగానే తీర్మానముల పుస్తకమున వ్రాసి, తూములవారందరిచే సంతకములు చేయించినచో, మూడేండ్ల తరువాత వచ్చిన క్రొత్త సభ్యునకు కూడ దారి తెలియును.

వరుస తిప్పుట అను ఈ న్యాయమును మన రాజ్యాంగమే అంగీకరించినది. 1993 ఏప్రిల్ 24 నుండి అమలులోనికి వచ్చిన 73వ సవరణ ప్రకారము, పంచాయతీలలో స్త్రీలకును, షెడ్యూల్డు కులములకును, తెగలకును ప్రత్యేకించిన స్థానములను వేర్వేరు నియోజకవర్గములకు మార్చి మార్చి కేటాయింపవచ్చును. ఆ సదుపాయము వలన మీలో పలువురు ఈ సభలో కూర్చున్నారు.

వేయి యేండ్లనాటి కుండ

చీటీతో గ్రామపాలకులను ఎన్నుకొన్న ఊరొకటి మనకు ఎంతో దూరము కాదు. తమిళనాడులోని కాంచీపురము జిల్లాలో ఉత్తరమేరూరు అను ఊరు కలదు. చోళరాజు మొదటి పరాంతకుని కాలమున, క్రీ.శ. 919, 921 సంవత్సరములలో చెక్కించిన శాసనములు అచ్చటి ఆలయపు గోడలపై నేటికిని కలవు.

ఆ ఊరికి 30 వార్డులుండెను. ఒక్కొక్క వార్డులో అర్హులైనవారి పేర్లు తాటాకు చీటీలపై వ్రాసి, వార్డుకొక కట్టగా కట్టి, కట్టలన్నియు ఒక కుండలో వేసెడివారు. కుండను ముందుగా ఎత్తి అది ఖాళీయని సభకు చూపెడివారు. సంగతి తెలియని ఒక బాలుడు ఒక కట్టను తీయును. ఆ కట్టలోని చీటీలను మరియొక ఖాళీ కుండలో వేసి, బాగుగా కదిపి, ఆ బాలునిచే ఒక చీటీ తీయింతురు. దానిని అందుకొనువాడు అయిదు వ్రేళ్లు చాచి అరచేతితో అందుకొని చదువవలెను. పిదప అక్కడి పెద్దలందరును చదువవలెను. ఇట్లు వచ్చిన ముప్పదిమందిలో పండ్రెండుగురు సంవత్సర సంఘమునకు, పండ్రెండుగురు తోటల సంఘమునకు, ఆరుగురు చెరువు సంఘమునకు పోవుదురు.

ఈ విధులన్నియు ఎందులకో కొమ్మల లెక్క తెలిసినవానికి వెంటనే బోధపడును. కుండ ఖాళీగా చూపనిచో, లోన ముందే పెట్టిన చీటీ వలన ఒక పేరుకు రెండు కొమ్మలుండవచ్చును. కదపనిచో పైనున్న చీటీ కొమ్మ పెద్దదగును. అరచేయి చాపనిచో చేతిలో దాచిన చీటీ బయటకు రావచ్చును. కొమ్మలన్నియు సమానముగా నుండవలెనను ఒక్క నియమమునకై ఇన్ని జాగ్రత్తలు. పేర్లన్నియు ఒకే కుండలో కలుపక వార్డుకొక కట్ట కట్టుటలోను వివేకము కలదు. అట్లు కలిపినచో పెద్ద వార్డులు చిన్న వార్డులను మ్రింగివేయును.

మరియొక నిబంధన కలదు. గడచిన మూడేండ్లలో సంఘములలో పనిచేసినవారి పేర్లు కుండలో వేయరాదు. పనిచేసి లెక్కలు చెప్పనివారికిని, వారి బంధువులకును అర్హత లేదు. చీటీని, వరుస తిప్పుటను ఆనాడే కలిపిరన్నమాట. అయితే అచ్చటి అర్హత భూమి కలవారికే పరిమితము. నేటి పంచాయతీలో భూమి లేనివారికిని, స్త్రీలకును సమానమైన చోటు కలదు. ఆనాటి కుండలోని జాగ్రత్తను తీసికొందము, ఆనాటి సంకుచితత్వమును విడుతము.

చట్టమున నేడును చీటీకి చోటు కలదు. శాసనసభకు గాని, లోకసభకు గాని జరిగిన ఎన్నికలో ఇద్దరికి సమానముగా ఓట్లు వచ్చినచో, 1951 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టము ప్రకారము చీటీ తీసి నిర్ణయింతురు. పంచాయతీ ఎన్నికలలోను ఇదే పద్ధతి. ఒక్క ఓటుతో తేలవలసిన ఊరి పెద్దరికము ఒక్క చీటీతో తేలవచ్చును. ఆనాడు చీటీలు సమానమైన కాగితములపై వ్రాసిరా, ఒకే తీరున మడిచిరా అని చూచుట మీ హక్కు, మీ బాధ్యత.

ఎచ్చట వర్తించదు?

ఏ పనిముట్టునకైనను హద్దు కలదు. వృక్షచిత్రము ఎన్ని దారులున్నవో చూపును. ఏ దారి మంచిదో చెప్పదు. తుపాను వచ్చునా రాదా అని రెండు కొమ్మలు గీసినంత మాత్రమున రెండింటికిని సమానమైన అవకాశమని అర్థము కాదు. ఈ తీరమున తుపాను సంగతి వాతావరణ శాఖవారి హెచ్చరికలనుబట్టి తెలిసికొనవలెను గాని నాణెమును బట్టి కాదు.

హక్కులు సమానమైనచోటనే చీటీ తగును. అవసరములు సమానము కానిచోట చీటీ న్యాయము కాజాలదు. ఒకరి పైరు పొట్టమీద నుండి నీటికై నోరు తెరచియున్నది, మరియొకరి కయ్యలో నీరు నిలిచియున్నది. అచ్చట చీటీ వేయుట బాధ్యతను తప్పించుకొనుటయే. ఇంటి స్థలము, పింఛను వంటివి అర్హతనుబట్టి ఇయ్యవలసినవి. అర్హులను విచారించుటకు బద్ధకించి చీటీ వేసినచో నిరుపేదకు రావలసినది చేయిజారిపోవును.

కొమ్మలు చాల ఎక్కువైనప్పుడు గీయుట సాధ్యము కాదు. అయిదు తూములకు 120 వరుసలు. పది ఆయుధములను శివుని పది చేతులలో అమర్చుటకు లీలావతి చెప్పిన లెక్క 36,28,800. అంతటి చెట్టును గీయుటకు ఈ ఊరి నేల చాలదు. అట్టిచోట మొదటి రెండు మూడు మెట్లు గీసి, పద్ధతి తెలిసిన పిదప హెచ్చవేసికొనవలెను.

కడపటి మాట

మీరు మీ ఊళ్లకు పోయిన పిదప చేయదగినవి కొన్ని చెప్పి ముగింతును. తదుపరి వంతుల తగవు వచ్చినప్పుడు వాదములు వినుటకు ముందు బల్లపై కొమ్మలు గీయించుడు. ఎవరిచే? మీ ఊరి బడిలో ఎనిమిదవ తరగతి చదువు బాలికను పిలిచి గీయించుడు. ఆమెకు ఏ తూము క్రిందను స్వార్థము లేదు. ఉత్తరమేరూరి కుండవద్ద నిలిచిన బాలుడు సంగతి తెలియనివాడు. మన బల్లవద్ద నిలుచు బాలిక లెక్క తెలిసినది. కొనలను అందరిచే బిగ్గరగా లెక్కపెట్టించుడు. కొనలు సమానములేనా అని అడుగుడు. చీటీలు ఒకే కొలత కాగితముతో చేయుడు, ఖాళీ కుండను చూపుడు, కదుపుడు, అందరును తీసిన పిదపనే విప్పుడు. ఒక్కమారు చీటీ వేసి, తరువాత వరుస తిప్పుడు. ఆ వరుసను పుస్తకమున వ్రాయుడు.

ఓడినవాడు కూడ "లెక్క సరిగానే జరిగినది" అని చెప్పి ఇంటికి పోగలిగిననాడు పంచాయతీ తన పని చేసినట్లు. గెలిచినవాడు ఆ మాట ఎట్లును చెప్పును. చివరితూము క్రింద అరయెకరము కలవాడు చెప్పవలెను. అతడు చెప్పునట్లు చేయుటకు మీకు కావలసినది ఒక సుద్దముక్క, కొంత ఓపిక.